పసుపు పైరునకు ఎరువుల వేళలు

పసుపు తొమ్మిది నెలల పంట. మృగశిర కార్తెలో నాటిన కొమ్ము సంక్రాంతి దాటినగాని చేతికి రాదు. మెట్‌పల్లి, కోరుట్ల ప్రాంతముల రైతు ఎకరమునకు సుమారు 10 క్వింటాళ్ల విత్తనపు కొమ్ములను భూమిలో పెట్టి ఇంతకాలము కాచుకొని యుండును. 2025 జనవరిలో నిజామాబాదున జాతీయ పసుపు బోర్డు ప్రారంభమైనది. అయినను అంగడిలోని ధర రైతు చేతిలోనిది కాదు. ఎరువు వేయు వేళ మాత్రము అతని చేతిలోనిదే. ఆ వేళ తప్పినచో మరుసటి యేటి వరకు దిద్దుకొనుటకు వీలుండదు.

పసుపు కొమ్ము వేరు కాదు. భూమిలో దాగిన కాండము. అది పైరు తనకై కట్టుకొన్న గాదె. ఆ గాదెను నింపునది ఆకు. ఎండలో ఆకు సిద్ధము చేసిన ఆహారమే దిగువకు పోయి దుంపలో నిలువయగును. మన పెరటిలోని ఎర్రలిల్లీ గడ్డ తీరును ఇట్టిదే. పూవు వాడిన పిమ్మట ఆకులను కాపాడి, ఎరువు పెట్టినవారికే మరుసటి వేసవిలో మంచి పూవు దక్కును. కావున పసుపునకు తొలి నెలలలో ఆకును పెంచవలెను. మలి నెలలలో ఆకు సంపాదనను దుంపకు చేరనీయవలెను. ఎరువుల క్రమమంతయు ఈ సూత్రమునకు లోబడినదే.

నాటుటకు ముందు, ఆఖరి దుక్కిలో, ఎకరమునకు 10 టన్నుల పశువుల ఎరువు వేసి కలియదున్నవలెను. అది బాగుగా చివికినదై యుండవలెను; పచ్చిపెంట పురుగులకు నెలవగును. భాస్వరము నేలలో అంతగా కదలదు. వేళ్ల చెంతనే యుండవలెను. అందుచే సూపర్ ఫాస్ఫేటు నంతయు దుక్కిలోనే వేయుట మేలు. జింకు సల్ఫేటును మాత్రము దానితో కలుపక, కొన్ని దినములు ఎడమిచ్చి వేరుగా వేయవలెను.

నత్రజని స్వభావము వేరు. యూరియా నీటిలో కరగి త్వరగా తరలిపోవును. 45 కిలోల బస్తాలో నత్రజని 20.7 కిలోలు మాత్రమే; ఒక్కసారిగా చల్లినచో అందులో చాలభాగము వాన పాలగును. కావున నాటిన 40, 80, 120 దినములకు మూడు దఫాలుగా వేయవలెను. కలుపు తీసి, నేల పదునుగా నున్నప్పుడు, మొక్కకు కొంచెము దూరముగా వేసి మట్టి ఎగదోయవలెను.

పసుపులో మొక్కజొన్న వేయువారు మరియొక సంగతి గమనింపవలెను. మొక్కజొన్న నత్రజనిని విరివిగా తినును. దాని వంతు దానికి వేరుగా ఇయ్యనిచో పసుపు పస్తుండును.

దుంప ఊరుటకు పొటాష్ ముఖ్యము. కోళిక్కోడులోని భారతీయ సుగంధద్రవ్య పరిశోధన సంస్థ హెక్టారునకు నత్రజని 60, భాస్వరము 50, పొటాష్ 120 కిలోలు సూచించినది. దీర్ఘకాలిక రకములు పండు మన ప్రాంతమున నత్రజని మోతాదు ఇంతకంటె హెచ్చుగా నుండును. అంతమాత్రమున పొటాష్‌ను మరువరాదు. దానిని కూడ విడతలుగా, కడపటి యూరియాతో సహా వేయవచ్చును. మీ నేలకు తగిన మోతాదును భూసార పరీక్ష చేయించి, కమ్మర్‌పల్లి పసుపు పరిశోధన స్థానమువారిని గాని, జగిత్యాల చెంత పొలాస వ్యవసాయ పరిశోధన స్థానమువారిని గాని అడిగి నిర్ణయించుకొనవలెను.

ఆకు పసుపుబారగానే యూరియా బస్తా విప్పుట అనేకుల అలవాటు. ముందుగా ఏ ఆకు పసుపుబారినదో చూడవలెను. అడుగున నున్న ముదురాకులు మొదట పాలిపోయినచో అది నత్రజని లోపము. లేత ఆకులలో ఈనెలు పచ్చగా నుండి నడుమ భాగము పాలిపోయినచో అది ఇనుపధాతు లోపము. లీటరు నీటికి 5 గ్రాముల అన్నభేది, 1 గ్రాము నిమ్మ ఉప్పు కలిపి పిచికారి చేయవలెను. మొక్క వాడి, మొదలు మెత్తబడి సులభముగా ఊడివచ్చినచో అది దుంపకుళ్లు. అప్పుడు చేయవలసిన మొదటి పని నిలిచిన నీటిని తీసివేయుట. యూరియా వేసినచో కీడే యగును.

అక్టోబరులో వేయు మూడవ దఫాతో నత్రజని ముగియవలెను. ఆ పిమ్మట వేసిన యూరియా ఆకును నవనవలాడించును గాని, దుంప ముదురుటను వెనుకకు నెట్టును. పుష్యమాసమున ఆకులన్నియు ఒక్కటిగా పండి వాలిపోవుట లోపము కాదు. గాదె నిండినదని పైరు తెలుపు గుర్తు. అప్పటికి ఎరువు పని ముగిసినట్లే; ఇక త్రవ్వకమునకు సిద్ధపడవలెను.