ఎర్రలోయలో ఒక పగలు

అర్జెంటీనా దేశమునకు వాయవ్యమున, ఆండీస్ పర్వతముల ఒడిలో సాల్తా అను నగరమున్నది. 1582లో హెర్నాందో దె లెర్మా అను స్పానిషు గవర్నరు దీనిని నెలకొల్పినాడు. సముద్రమట్టమునకు సుమారు 1,150 మీటర్ల ఎత్తున, పచ్చని కొండల నడుమ, పాతకాలపు చర్చిగోపురములతో ఈ ఊరు కనులపండువుగా నుండును. ఇక్కడికి వచ్చిన యాత్రికులలో చాలమంది ఒక దినమును ప్రత్యేకముగా కేటాయించి దక్షిణమునకు పోవుదురు. ప్రొద్దుటనే బయలుదేరు చిన్న బస్సు, వెంట ఒక మార్గదర్శి, సుమారు 190 కిలోమీటర్ల దారి, దారి చివర కఫయాతే అను ద్రాక్షతోటల పట్టణము. చీకటిపడునప్పటికి మరల సాల్తా. చెప్పుకొనుటకు యాత్ర ఇంతే. కాని ఈ ఒక్క పగటిలో భూగోళము, వృక్షశాస్త్రము, చరిత్ర, భాష అన్నియు దారిపొడవున పాఠములై పరచుకొని యున్నవి. వానిలో కొన్నిటిని మార్గదర్శి చెప్పును. కొన్ని, బస్సు వెనుకకు మరలు చోటికి అవతలనే ఉండిపోవును.

సాల్తా వదలిన తరువాత మొదటి రెండు గంటల ప్రయాణము లెర్మా లోయలో సాగును. ఇరుప్రక్కల పొగాకు చేలు, చిన్న చిన్న పల్లెలు, నీడనిచ్చు చెట్లు. అలెమానియా అను కుగ్రామము చేరగానే దృశ్యము మారుటకు మొదలిడును. స్పానిషు భాషలో ఈ మాటకు జర్మనీ అని అర్థము. సాల్తానుండి వేసిన రైలుదారి ఇంతవరకే వచ్చి ఆగిపోయినది. కఫయాతే వరకు కొనిపోవలెనన్న సంకల్పము నెరవేరలేదు. కొలదిపాటి ఇండ్ల నడుమ ఆ పాత స్టేషను మాత్రము నేటికిని నిలిచి యున్నది. పచ్చదనము అక్కడితో సెలవు తీసికొనును. ముందున్నది ఎర్రలోయ.

నీరు చెక్కిన ఎడారి

ఈ లోయకు కెబ్రాదా దె లాస్ కొంచాస్ అని పేరు. కొంచాస్ అనగా గవ్వలు, చిప్పలు. ఇటుకరంగు, కావిరంగు, కుంకుమరంగు, అక్కడక్కడ బూడిదరంగు, లేతాకుపచ్చ; ఇన్ని వన్నెల రాతిపొరలు ఒకదానిపై ఒకటి ఒరిగి, కొన్నిచోట్ల నిటారుగా లేచి, దారికి ఇరువైపుల గోడలు కట్టినట్లుండును. ఎరుపునకు ముఖ్యకారణము రాతిలోని ఇనుము గాలి తగిలి త్రుప్పు పట్టుటయే. మన ఊళ్ళలోని ఎర్రమట్టికి రంగునిచ్చినదియు ఆ యినుమే.

మార్గదర్శి వరుసగా బస్సు నాపించి, ఒక్కొక్క రాతికి జనులు పెట్టిన పేరు చెప్పును. ఇది కప్ప, ఇది సన్యాసి, ఇవి కోటలు, ఇవి కిటికీలు, అది ఒంటిస్తంభము. "దయ్యపు గొంతు" అని పేరుపడిన ఇరుకు సందులోనికి నడచిపోయినచో, పూర్వము జలపాతములు తొలిచిన మెట్లమెట్ల రాతిగోడ ఎదుట నిలుచును. కొంచెము దూరమున "నాటకశాల" యున్నది. ఇరుకైన ద్వారము దాటి లోపలికి పోగానే, చుట్టును ఎత్తైన గోడలు గల గుండ్రని ఆవరణము. అక్కడ పలికిన మాట, మ్రోగించిన వేణువు గోడలకు తగిలి నిండుగా తిరిగివచ్చును. అందుచేతనే స్థానిక గాయకులు తమ డోలును గిటారును తీసికొని అక్కడ కూర్చుండి పాడుదురు.

ఈ రాళ్ళ పుట్టుక ఒక పెద్ద కథ. సుమారు పదమూడు కోట్ల ఏండ్లనాడు దక్షిణ అమెరికా, ఆఫ్రికా ఖండములు విడిపోవుటకు మొదలిడినవి. ఆ లాగుడునకు ఈ ప్రాంతపు నేలకూడ పగిలి క్రుంగినది. క్రుంగిన పల్లములోనికి నదులు, సరస్సులు కోట్ల ఏండ్లపాటు ఇసుకను, బురదను తెచ్చి పొరలుపొరలుగా నింపినవి. తరువాత ఆండీస్ పర్వతములు పైకి లేచునప్పుడు ఆ పొరలు మడతపడి, ఒరిగి, వెలుగులోనికి వచ్చినవి. ఈ ప్రాంతపు శిలలలోనే ఒక పురాతనపు కప్పజాతి అవశేషములు దొరకినవి. 1959లో ఒస్వాల్దో రెయిగ్ అను అర్జెంటీనా శాస్త్రజ్ఞుడు దానికి సాల్తేనియా అని నామకరణము చేసినాడు. దాని చుట్టములు నేటికిని ఆఫ్రికాలోని చెరువులలో ఈదుచున్నవి. మార్గదర్శి చూపించు రాతికప్ప గాలివానలు చేసిన బొమ్మ. రాతిలోపలి కప్ప మాత్రము రెండు ఖండముల పాతచుట్టరికమునకు సాక్ష్యము.

గండికోటవద్ద పెన్నానది తొలిచిన లోయను చూచిన తెలుగువారికి ఇక్కడ ఒక సందేహము కలుగవచ్చును. అక్కడ నది కనులయెదుట నున్నది. ఇక్కడ ఏడాదిలో చాలనెలలు ఎడారియే గదా, ఇంతటి పని చేసినదెవరు? చేసినది నీరే. కల్చకీ, సాంతా మారియా అను రెండు నదులు కఫయాతే దాపున కలిసి ఈ లోయలో ప్రవహించుచున్నవి. వేసవిలో, అనగా డిసెంబరు మొదలు మార్చివరకు, కొండలపై కురిసిన జడివాన ఒక్కసారిగా దిగివచ్చి మెత్తని రాతిని కోసికొని పోవును. చెట్టుచేమలు లేని నేలపై నీటికి అడ్డు లేదు. కనుకనే అరుదుగా వచ్చినను గట్టిగా చెక్కును. ఆ నీరే ముందుకు సాగి పలుపేర్లు మార్చుకొని, పరానా నదిలో కలిసి అట్లాంటిక్ సముద్రము చేరును. ఒక తేడా మాత్రము చెప్పవలెను. గండికోట రాళ్ళు వందకోట్ల ఏండ్లకు పైబడినవి. వాని ముందర ఈ ఎర్రకొండలు పసిపిల్లలు.

ముండ్లచెట్లు, పందిరితీగలు

లోయలో మనిషికంటె ఎత్తుగా, చేతులు చాచి నిలుచున్న జెముడుచెట్లు కనిపించును. వీనికి కార్దోన్ అని పేరు. ఏడాదికి కొలదిగానే పెరుగును. ఎండిన చెట్టు మధ్యలో చిల్లులుపడిన తేలికైన కొయ్య యుండును. పెద్ద కలప దొరకని ఈ దేశమున పూర్వులు ఆ కొయ్యతోనే చర్చిలకు తలుపులు, పైకప్పులు చేసికొన్నారు. నేడు ఈ చెట్టును నరుకరాదని రక్షణ కల్పించినారు. మరియొకటి అల్గర్రోబో. దాని తీపికాయలను దంచి పిండిచేసి రొట్టెలు కాల్చుకొనుట ఇక్కడివారి ప్రాచీనాచారము. దసరానాడు మనము పూజించు జమ్మిచెట్టుకు ఇది దూరపు చుట్టము. మన బీళ్ళలో అల్లుకొన్న సర్కారుతుమ్మ అమెరికానుండి వచ్చినదే గనుక, దీనికి మరింత దగ్గరి బంధువు.

లోయ విడివడిన చోట, 1,683 మీటర్ల ఎత్తున, కఫయాతే కనిపించును. తూర్పునుండి వచ్చు తడిగాలి అవతలి కొండలపైననే వాననంతయు దింపివేయును. ఇవతలికి వచ్చునది పొడిగాలి. ఏడాదికి సుమారు 200 మిల్లీమీటర్ల వాన. కరువుసీమ యని పేరుపడిన మన అనంతపురమున కురియుదానిలో సగముకూడ కాదు. అయినను ఇక్కడ ద్రాక్ష పండుచున్నది. కొండనీటిని కాలువలలో మళ్ళించి, బావుల నీటిని తోడి తోటలకు పెట్టుదురు. పగటియెండకు ఆకు చక్కెర తయారుచేయును. రాత్రిచలికి పండులోని పులుపు తరిగిపోక నిలుచును. ఎత్తుప్రదేశపు తీక్ష్ణమైన ఎండకు పండుతోలు మందమగును. తీపి, పులుపు, వాసన మూడును సమముగా కుదురుటకు ఈ ఎండయు ఈ చలియే కారణము.

ఇక్కడి ప్రసిద్ధమైన తెల్లద్రాక్షకు తొర్రోంతెస్ అని పేరు. స్పానిషువారు చర్చిపూజల ద్రాక్షాసవమునకై పదునారవ శతాబ్దిలో తీగలను ఈ ఖండమునకు తెచ్చినారు. వారు తెచ్చిన వానిలో మస్కట్ ఆఫ్ అలెగ్జాండ్రియా ఒకటి, క్రియోల్యా చీకా ఒకటి. ఈ రెండును తోటలో తమంతట తాము సంకరమై తొర్రోంతెస్ పుట్టినదని జన్యుపరీక్షలవలన తెలియవచ్చినది. తల్లిదండ్రులు పరదేశులు, బిడ్డ మాత్రము ఈ నేల బిడ్డ. అర్జెంటీనాకు పేరు తెచ్చిన ఎర్రద్రాక్ష మాల్బెక్ ఇట్టిది కాదు. 1853లో మిషెల్ పూజే అను ఫ్రెంచి ఉద్యానశాస్త్రజ్ఞుడు మెందోసాలో నెలకొల్పిన తోట ద్వారా అది ఫ్రాన్సునుండి వచ్చి స్థిరపడినది. తొర్రోంతెస్ తీగను పూర్వాచారము ననుసరించి పందిరిపై పాకించుదురు. హైదరాబాదు చుట్టుపట్ల అనాబ్-ఇ-షాహీ ద్రాక్షను పందిళ్ళపై పెంచిన రైతులకు ఆ తోట క్రొత్తగా తోచదు.

తోటలోని కొట్టములలో యాత్రికులకు ద్రాక్షాసవమును రుచి చూపించుదురు. పట్టణములో ద్రాక్షాసవపు ఐసుక్రీము, మేకపాల జున్ను కూడ ఉన్నవి. ద్రాక్షచరిత్రను చెప్పు ప్రదర్శనశాల ఒకటి 2011లో తెరచినారు. తొర్రోంతెస్ వాసన మల్లెపూవును, గులాబిని గుర్తుకు తెచ్చును. తీపిగా నుండునని తలచి నోట పెట్టుకొన్నవారికి తీపి తగులదు. అందుచేత దీనికి "అబద్ధాలకోరు" అని ముద్దుపేరు. ముక్కునకు ఒకటి చెప్పి నాలుకకు మరియొకటి చెప్పును. ఆలోచించినచో ఈ దారియంతయు అట్టిదే. కంటికి ఎడారి, చేసినది నీరు. పేరునకు గవ్వలలోయ; ప్రసిద్ధి రాళ్ళకు.

బస్సు పోని ఊరు

భోజనముల తరువాత బస్సు సాల్తావైపు తిరుగును. తిరుగక దక్షిణమునకే మరియొక గంట పోయినచో తుకుమాన్ రాష్ట్రములో కీల్మెస్ అను శిథిలనగరము వచ్చును. కొండవాలుపై మెట్లుమెట్లుగా రాతిగోడలు, ఇండ్ల పునాదులు, పైన కోటబురుజులు. యూరోపియనులు రాకపూర్వము వేలకొలది జనులు నివసించిన పట్టణమిది. దియగీత జాతివారిలో ఒక శాఖయైన కీల్మెస్ ప్రజలు దీనికి స్వాములు. పదునైదవ శతాబ్ది చివరిభాగమున ఇంకా చక్రవర్తుల పాలన ఈ లోయలకు వచ్చినది. 1536లో దియేగో దె అల్మాగ్రో సేనతో స్పానిషువారు తొలిసారి ఇటు వచ్చినారు. అటుపిమ్మట నూటముప్పది ఏండ్ల పర్యంతము ఈ లోయలు వారికి లొంగలేదు.

1560 ప్రాంతమున హువాన్ కల్చకీ అను నాయకుడు మొదటి తిరుగుబాటు నడిపినాడు. 1630లో రెండవది లేచినది. 1657లో పెద్రో బొహోర్కెస్ అను స్పానిషు సాహసికుడు వచ్చి, తాను ఇంకా రాజవంశీకుడనని చెప్పుకొన్నాడు. గవర్నరు మెర్కాదో యి విల్యాకోర్తా మొదట అతనిని మన్నించినాడు. లోయప్రజలు అతని వెంట నడచినారు. 1659లో అతడు లొంగిపోయినాడు. 1667లో లీమాలో అతనికి మరణశిక్ష అమలుజరిగినది. యుద్ధము మాత్రము ఆగలేదు. 1660 దశకపు నడుమ మెర్కాదో మరల దండెత్తివచ్చినాడు. కీల్మెస్‌వారిని ఆయుధములతో గెలుచుట కష్టమై, పంటను, నీటిని అందకుండ చేసి, ఆకలితో లొంగదీసినారు.

తరువాతి శిక్ష యుద్ధముకంటె ఘోరమైనది. రెండువందలకు మించిన కుటుంబములను, పిల్లలతో వృద్ధులతో, బ్వేనోస్ ఐరిస్ సమీపమునకు నడిపించినారు. దూరము వేయి కిలోమీటర్లకు మించినది. దారిలో ఎందరో రాలిపోయినారు. మిగిలినవారిని 1666లో నదీతీరమున ఒక నివేశములో ఉంచినారు. కొండయెండకు అలవడినవారు ఆ తేమనేలలో రోగములకు, చాకిరికి క్రమముగా తరిగిపోయినారు. 1812లో ప్రభుత్వము ఆ నివేశమును రద్దుచేసినది. ఊరు పెరిగి కీల్మెస్ నగరమైనది. 1888లో అక్కడ వెలసిన బీరు కర్మాగారము ఆ పేరునే బీరుసీసాపై అచ్చువేసినది. నేడు అర్జెంటీనాలో కీల్మెస్ అనగానే పలువురికి స్ఫురించునది ఆ సీసాయే.

పోయిన వ్యాకరణము

ఈ జనులు మాటలాడిన భాష కకాన్. పదునారవ శతాబ్దిలో అలోన్సో దె బార్సానా అను జెసూయిట్ మతగురువు దానిని నేర్చి, వ్యాకరణమును, పదకోశమును వ్రాసినాడు. ఆ రెండును నష్టమైనవి. భాషయు మాటలాడువారి నోటినుండి తొలగిపోయినది. కొన్ని ఇంటిపేర్లు, కొన్ని ఊరిపేర్లు మాత్రము మిగిలినవి. తినోగాస్తా, నోనోగాస్తా వంటి పేర్లలోని 'గాస్తా' అనగా ఊరు అని పండితులు చెప్పుదురు. ఒక వ్యాకరణగ్రంథము పోయిన నష్టమెంతటిదో భాష నేర్పువారికి వేరుగా చెప్పనక్కరలేదు. ఒక క్రియాపదము ఎట్లు నడచినదో, తల్లి బిడ్డను ఏమని పిలిచినదో తెలిసికొనుటకు ఇక దారి లేదు.

అయితే జనులందరును పోలేదు. ఆ లోయలలోనే నిలిచిపోయినవారి సంతతి, కీల్మెస్ స్థానిక సమాజము అను పేర, నేటికిని అక్కడి పల్లెలలో ఉన్నది. 1897లో హువాన్ బౌతీస్తా అంబ్రొసెత్తి అను పురాతత్త్వజ్ఞుడు ఈ శిథిలములను పరిశోధించి లోకమునకు తెలిపినాడు. 1970 దశకపు చివర సైనికప్రభుత్వకాలమున గోడలలో కొంతభాగమును హడావుడిగా తిరిగి నిలిపినారు. అటుపిమ్మట శిథిలముల ఒడిలోనే యాత్రికులకొరకు హోటలుకూడ వెలసినది. ప్రవేశరుసుము పరులచేతికి పోయినది. 2008లో ఆ సమాజమువారు ఆ స్థలమును తమ స్వాధీనములోనికి తెచ్చుకొన్నారు. ఇప్పుడు అక్కడ గోడలు చూపి కథ చెప్పునది వారే.

ఎర్రలోయలో బస్సు నడిపించు మార్గదర్శి తన పని చక్కగా చేయును. రాళ్ళ వయస్సు, ద్రాక్ష జాతి, పట్టణము ఎత్తు తప్పక చెప్పును. పూర్వపు జనులను గురించి అడిగినచో "వారు ఇక్కడ నివసించెడివారు" అనును. గంట దూరమున, రాతిగోడల నడుమ నిలుచున్న మార్గదర్శి అదే సంగతి చెప్పునప్పుడు కర్త మారును. "మేము" అని మొదలుపెట్టును. ఆ మాటయు స్పానిషుదే. కకాన్‌లో దానిని ఏమనెడివారో నేడు ఎవరికిని తెలియదు. అయినను మూడున్నర శతాబ్దుల తరువాత ఆ గోడల నడుమ ఉత్తమపురుషలో మాటలాడువారు మిగిలియున్నారు.