ఆటలోని అదురు ఎక్కడినుండి వచ్చును?

కుందలహళ్ళి చుట్టుపట్ల కంప్యూటరు పనివలన జీవించు కుటుంబములు అనేకములు కలవు. మన పిల్లలు ఇంట తెలుగును, వీధిలో కన్నడమును మాటలాడుదురు. కంప్యూటరు తెర మాత్రము వారికి అన్నిటిని ఇంగ్లీషుననే చెప్పును. ఒక పాత ఆటను తెరవబోగా, 'ఎక్స్‌ఇన్‌పుట్1_3.డిఎల్ఎల్ అను ఫైలు లేదు' అని ఆ తెరపై ఒక ప్రకటన కనబడుట కలదు. దాని భావము తెలియని బాలుడు ఆ పేరును ఇంటర్నెట్టులో వెదకి, మొదట దొరికిన చోటినుండి డౌన్‌లోడు చేసికొనును. ఇది ప్రమాదకరమైన పని. ఎందువలన ప్రమాదమో తెలియవలెనన్న, ఆ ఫైలు చేయు పని యేదో ముందుగా తెలిసికొనవలెను.

ఆటలో కారు గోడకు తగిలినప్పుడు చేతిలోని కంట్రోలరు అదరును. దానిలో సాధారణముగా రెండు చిన్న మోటారులుండును. ఒక్కొక్క మోటారు ఇరుసుకు ఒక ప్రక్కగా మాత్రమే బరువు బిగించబడియుండును. బట్టలన్నియు ఒక ప్రక్కకు చేరినప్పుడు వాషింగు మెషిను ఎట్లు అదరునో పెద్దలెరుగుదురు. ఇదియు అట్టిదే. ఎక్స్‌బాక్స్ 360 కంట్రోలరులో ఎడమ మోటారునకు పెద్ద బరువు, కుడి మోటారునకు చిన్న బరువు ఉండును. పెద్దది మెల్లగా, గట్టిగా ఊపును. చిన్నది సన్నగా, వేగముగా కంపించును. ఈ రెండింటి కలయికచే ప్రేలుడు ఒక విధముగను, గులకరాళ్ళ బాట మరొక విధముగను చేతికి తోచును. ఇట్టి అదురును 1997లో నింటెండో వారి 'రంబుల్ ప్యాక్', సోనీ వారి 'డ్యూయల్ షాక్' ఇంటింటి ఆటలకు చేర్చినవి.

అయితే మోటారును తిప్పుమని చెప్పువారెవరు? ఆటను వ్రాయువారు ప్రతి కంట్రోలరు సంగతిని తామే నేర్చి ఆజ్ఞలు వ్రాయవలసినచో, వారి పని ఎన్నటికిని ముగియదు. అందుచేత ఆ ఆజ్ఞలను ఒకరు ఒక్కసారి వ్రాసి ప్రత్యేకమైన ఫైలులో ఉంచుదురు. పాఠశాల గ్రంథాలయములో నిఘంటువు ఒక్కటే యున్నను అన్ని తరగతులవారును దానిని చూచుకొందురు గదా! అట్లే ఆ ఒక్క ఫైలును అనేకములైన ఆటలు వాడుకొనును. కావుననే దానికి 'లైబ్రరీ' అని పేరు. ఆట నడచునప్పుడు వచ్చి కలిసికొనునది గనుక దానిని 'డైనమిక్ లింక్ లైబ్రరీ' అందురు. డిఎల్ఎల్ అనునది ఆ మూడు మాటల మొదటి అక్షరములు.

మైక్రోసాఫ్టు వారు 2005లో ఎక్స్‌బాక్స్ 360 వచ్చిన కాలమున 'ఎక్స్‌ఇన్‌పుట్' అను లైబ్రరీని ప్రవేశపెట్టిరి. ఆట దానికి రెండు సంఖ్యలను చెప్పును: ఎడమ మోటారునకు ఒకటి, కుడి మోటారునకు ఒకటి. సున్న అన్నచో మోటారు ఆగవలెను. 65,535 అన్నచో పూర్తి వేగముతో తిరుగవలెను. లైబ్రరీ ఈ సంఖ్యలను కంట్రోలరునకు చేరవేయును. అదురు ఆగవలెనన్న ఆట మరల సున్న అని చెప్పవలెను.

మరి ఆ ఫైలు ఏల లేకపోయినది? విండోస్ 8 మొదలుకొని 'ఎక్స్‌ఇన్‌పుట్1_4' అను క్రొత్త రూపము విండోస్‌తోనే వచ్చుచున్నది. పాత ఆట మాత్రము 1_3 అను పేరునే అడుగును. పేరు కలియనిచో క్రొత్తదానిని ఒప్పుకొనదు. కాబట్టి క్రొత్త కంప్యూటరులో ఈ ప్రకటన కనబడినంత మాత్రమున కంప్యూటరు చెడినదని భయపడనక్కరలేదు. ఆ పాత ఫైలు మైక్రోసాఫ్టు వారి 2010 జూన్ నాటి 'డైరెక్ట్‌ఎక్స్' కూర్పులో ఉన్నది. దానిని వారి వద్దనుండియే ఉచితముగా పొందవచ్చును. కొన్ని లైబ్రరీలు ఆటతోబాటే వచ్చును. అట్టివి పోయినచో ఆటను దాని యజమానులనుండి తెచ్చి మరల ఎక్కించుకొనుట మేలు.

ఇతరులనుండి ఏల తీసికొనరాదు? డిఎల్ఎల్ అనునది బొమ్మవంటిది కాదు, పాటవంటిది కాదు. అది ఆజ్ఞల సముదాయము. ఆట దానిని పిలిచిన వెంటనే, ఆటకు ఏ అధికారములు కలవో దానికిని అవియే కలుగును. పేరు సీసా మీది చీటీ వంటిది: లోపల మందున్నను విషమున్నను చీటీ ఒక్కటిగనే యుండవచ్చును. అదురు పుట్టించుటకని తెచ్చిన ఫైలు, అదే కంప్యూటరులోని తండ్రి బ్యాంకు లెక్కలను, తల్లి ఆఫీసు కాగితములను దొంగిలింపగలదు.

తల్లిదండ్రులకు మా మనవి యొక్కటి. ఇట్టి ప్రకటన కనబడినప్పుడు పిల్లలను కోపగింపక, ప్రక్కన కూర్చుండి ఆ ఇంగ్లీషు వాక్యమునకు తెలుగున అర్థము చెప్పుడు. పిల్లలు ఇదివరకే అట్టి ఫైలును తెచ్చియున్నచో, దానిని తొలగించి, యాంటీవైరస్‌తో కంప్యూటరును పరీక్షింపుడు. విద్యార్థులారా! ఏ ఫైలు లేదనిరో, అది ఏమి చేయునో, దానిని చేసినవారెవరో మొదట అడుగుడు. ఈ మూడు ప్రశ్నలకు జవాబు దొరకువరకు దేనిని డౌన్‌లోడు చేయకుడు. ఒక సాయంకాలము ఆట ఆగినను నష్టము లేదు.