క్లైవియా బందరులో పూస్తుందా? కొనే ముందు ఇది చూడండి

నీడలో పూసే ఇంటి మొక్క అని ఆన్‌లైన్‌లో క్లైవియా ఫొటోలు చూసి బందరు, గుడివాడ, అవనిగడ్డ నుంచి చాలామంది అడుగుతున్నారు. పై వీడియోలో ఉన్నది నా మొక్కే. మూడేళ్లయింది. ఆకులు నిగనిగలాడుతున్నాయి గానీ ఒక్క పువ్వూ రాలేదు.

ఎందుకు పూయలేదు?

దీని సొంతూరు దక్షిణాఫ్రికా అడవులు. చెట్ల నీడలో, రాలిన ఆకుల మధ్య పెరుగుతుంది కాబట్టి నీడ దానికి అలవాటే. కానీ బాగా పూయాలంటే ఆరు నుంచి ఎనిమిది వారాలు 10–13 డిగ్రీల చలి తగలాలి. మనకి సముద్రం పక్కనే కదా, జనవరి రాత్రుల్లో కూడా 18–20 దగ్గరే ఉంటుంది. అరకు, లంబసింగి వైపు అయితే ఆ చలి దొరుకుతుంది. "ఏసీ గదిలో పెడితే?" అని ఒకాయన అడిగారు. ఏసీ 16 దగ్గరే ఆగిపోతుందండీ. పువ్వు రాకపోయినా కరెంటు బిల్లు మాత్రం వస్తుంది!

ఇప్పటికే కొన్నారా? ఇలా చూసుకోండి

• కుండీ చిన్నదే ఉంచండి. వేర్లు ఇరుకుగా ఉంటేనే దీనికి ఇష్టం.

• మన డెల్టా నల్లమట్టి ఒక్కటే వేస్తే నీళ్లు నిలిచి వేర్లు కుళ్లిపోతాయి. కొబ్బరి పీచు, కాల్చిన ఊక, ఘనజీవామృతం కలపండి.

• ఉప్పు బోరు నీళ్లు వద్దు, ఆకు చివర్లు మాడిపోతాయి. వాన నీళ్లు పట్టి ఉంచుకోండి. పైమట్టి ఆరాకే పోయండి.

• పొద్దుటి లేత ఎండ చాలు. మధ్యాహ్నం ఎండకి ఆకు కాలిపోతుంది.

• పిండినల్లి పడితే లీటరు నీళ్లకి 5 మి.లీ. వేపనూనె, కొంచెం సబ్బు నీళ్లు కలిపి కొట్టండి.

• ఈ మొక్క విషం. పిల్లలకి, పశువులకి అందనివ్వకండి.

ఇంకా కొనలేదా?

అయితే మే పువ్వు పెట్టండి. ఫుట్‌బాల్ లిల్లీ అంటారే, అదే. క్లైవియా కుటుంబమే, పుట్టిల్లు కూడా ఆఫ్రికాయే. కానీ దీనికి చలి అక్కర్లేదు. శీతాకాలంలో ఆకులు ఎండిపోయాక నీళ్లు ఆపేయండి, దుంపని కదపకండి. వేసవిలో రెండు జల్లులు పడితే ఎర్రటి బంతిలా లేస్తుంది. ఇదీ విషమే, దుంపని ఉల్లిపాయ అనుకుని వండేరు, జాగ్రత్త!

నేనూ మొక్కలు అమ్ముకునేవాణ్ణే. అయినా క్లైవియా మాత్రం పూస్తుందని చెప్పి మనవాళ్లకి అమ్మలేను. ఆకు అందం చాలు అనుకుంటేనే తీసుకోండి. మే పువ్వు దుంప నాటే పద్ధతి వచ్చే వీడియోలో చూపిస్తాను.