కార్ల్ రోజర్స్ మంత్రణ సిద్ధాంతం – అనంతపురం కరువు నేల: ఒక పరిశీలన

వ్యాససంగ్రహం: అమెరికా మనోవైజ్ఞానికుడు కార్ల్ రోజర్స్ (1902–1987) మూర్తిమత్వం, మంత్రణం, మానసిక చికిత్సలపై చేసిన రచనలలోని ప్రధాన భావనలను వివరించి, కరువు ప్రాంత రైతు విషయంలో అవి ఎంతవరకు ఉపకరిస్తాయో, ఎక్కడ చాలవో పరిశీలించడం ఈ వ్యాస లక్ష్యం.

కీలక పదాలు: మూర్తిమత్వం, మంత్రణం, సహానుభూతి, పరువు, కరువు.

1. ప్రవేశిక

కౌన్సెలింగ్‌ను తెలుగు పాఠ్యగ్రంథాలు 'మంత్రణం' అని వ్యవహరిస్తాయి. మంత్రి, మంత్రాంగం అనే మాటలలో వలె ఇందులోనూ ఆలోచన చెప్పడమనే అర్థమే ముందుగా స్ఫురిస్తుంది. రోజర్స్ అంగీకరించనిది ఈ అర్థాన్నే. 1942లో వెలువడిన 'కౌన్సెలింగ్ అండ్ సైకోథెరపీ' గ్రంథంలో ఆయన సలహా, హితబోధ, నచ్చజెప్పడం వంటి పద్ధతులను విమర్శించి, నిర్దేశరహిత మంత్రణాన్ని ప్రతిపాదించాడు.

2. రోజర్స్ ప్రతిపాదనలు

'క్లయింట్ సెంటర్డ్ థెరపీ' (1951) గ్రంథంలో ఆయన మూర్తిమత్వ సిద్ధాంతాన్ని వివరించాడు. మనిషికి తన గురించి ఉన్న భావన, అతని వాస్తవానుభవం పరస్పరం పొసగనప్పుడు మానసిక సంఘర్షణ పుడుతుంది. ఇతరుల ఆదరణ షరతులతో లభించినప్పుడు మనిషి ఆ షరతులతోనే తన విలువను కొలుచుకుంటాడు. నిష్కాపట్యం, షరతులు లేని ఆదరణ, సహానుభూతి అనే మూడు గుణాలు మంత్రణకర్తలో ఉండి, అవి ఎదుటివారికి అనుభవంలోకి వచ్చినప్పుడే మార్పు సాధ్యమని 1957 నాటి వ్యాసంలో సూత్రీకరించాడు.

3. అనంతపురం సందర్భం

అనంతపురం పడమటి కనుమల వర్షచ్ఛాయలో ఉంది. తూర్పు తీరానికి దూరం కావడం వల్ల ఈశాన్య రుతుపవనాల మేలు కూడా కొద్దిగానే అందుతుంది. సగటు వార్షిక వర్షపాతం సుమారు 550 మిల్లీమీటర్లు. ఎర్రనేలల్లో వర్షాధారంగా పండే వేరుశనగే ఇక్కడి ప్రధాన పంట. విత్తనానికి, బోరుకు అప్పు చేసిన రైతుకు వాన తప్పితే పంట పోతుంది, అప్పు మిగులుతుంది.

రోజర్స్ చెప్పిన షరతు ఇక్కడ 'పరువు' రూపంలో కనిపిస్తుంది. మాట ప్రకారం అప్పు తీర్చినవాడే మనిషి అన్న కొలత ఊరిది. దానిని తనదిగా చేసుకున్న రైతు మేఘం చేసిన లోటును తన లోపంగా భావిస్తాడు. అటువంటి వానికి 'ధైర్యం తెచ్చుకో', 'పంట మార్చు' అని బోధించడం ఆ భావనను మరింత బలపరుస్తుంది. తీర్పు చెప్పకుండా వినేవారు దొరికినప్పుడు నష్టం వేరు, తాను వేరు అని గుర్తించే అవకాశం అతనికి కలుగుతుంది.

4. సిద్ధాంత పరిమితి

రోజర్స్ బాల్యంలో కొంతకాలం వ్యవసాయ క్షేత్రంలో పెరిగాడు. విస్కాన్సిన్ విశ్వవిద్యాలయంలో మొదట వ్యవసాయశాస్త్రమే చదివాడు. అయినా ఆయన సిద్ధాంతం మార్పునకు మూలాన్ని వ్యక్తి అంతరంగంలోనే వెదకింది. రైతు అప్పు అంతరంగంలో లేదు. సహానుభూతి వడ్డీని తగ్గించదు. కనుక పంటల బీమా, రుణ ఉపశమనం లేని మంత్రణం అసంపూర్ణం.

వినేవారు గ్రామానికి అందుబాటులో ఉండటం మరో సమస్య. 1882లో ఏ బళ్లారి నుండి అనంతపురం జిల్లా విడివడిందో, ఆ బళ్లారిలోనే 1980లలో బెంగళూరు నిమ్హాన్స్ ప్రాథమిక ఆరోగ్య కేంద్రాల సిబ్బందికి తర్ఫీదునిచ్చి మానసిక వైద్యాన్ని పల్లెలకు చేర్చింది. 1996లో మొదలైన జిల్లా మానసిక ఆరోగ్య కార్యక్రమానికి అదే నమూనా. ఆత్మహత్యకు యత్నించిన వ్యక్తి తీవ్ర ఒత్తిడిలో ఉన్నట్లు భావించి, సంరక్షణ కల్పించడం ప్రభుత్వ బాధ్యతని 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం 115వ సెక్షన్ చెబుతున్నది. 2022లో ప్రారంభమైన టెలి మానస్ సేవ 14416 నంబరులో ఉచితంగా లభిస్తున్నది.

5. ముగింపు

కరువు నేలలో రోజర్స్ రచనలు నేర్పేది మొదట వినడం. అవి చెప్పకుండా విడిచినది ఆర్థిక మూలం. ఈ రెంటినీ కలిపి బోధించినప్పుడే తెలుగులో 'మంత్రణం' అనే పదం సలహా అనే పాత అర్థాన్ని దాటి, రైతుకు అక్కరకు వచ్చే అర్థాన్ని సంతరించుకుంటుంది.