మిద్దె మీద రైలు

మా పలమనేరుకు రైలు లేదు. రైలెక్కాలంటే చిత్తూరుకో, కుప్పానికో, బంగారుపేటకో పోవాలి. అందుచేత మావాళ్ళకు బెంగుళూరు ప్రయాణమంటే బస్సు ప్రయాణమే. నంగలి దాటి ముళబాగలు, కోలారు, హోసకోటెల మీదుగా నూరు కిలోమీటర్లకు పైగా హాయిగా సాగివచ్చిన బస్సు, కె.ఆర్.పురం చేరేసరికి చతికిలబడుతుంది. అక్కడినుంచి మెజిస్టిక్ దాకా వున్న కొద్ది దూరమే ప్రయాణమంతటికీ పెద్ద పరీక్ష. ఆసుపత్రికి వచ్చే రోగికీ, వుద్యోగం కోసం ఇంటర్వ్యూకు వచ్చే కుర్రవాడికీ ఆ ఆలస్యం చిన్న సంగతి కాదు.

ఆ కె.ఆర్.పురంలోనే యిప్పుడు మిద్దె మీద రైలు ఆగుతున్నది.

బెంగుళూరు మెట్రో 2011 అక్టోబరు 20న బయ్యప్పనహళ్ళి, ఎం.జి.రోడ్డుల మధ్య మొదలయింది. కె.ఆర్.పురం వంతు రావటానికి పన్నెండేళ్ళు కావచ్చింది. కృష్ణరాజపుర అన్న పేరుతో యీ స్టేషను 2023 మార్చి 25న ప్రారంభమయింది. ఆనాడు తెరిచిన దారి వైట్‌ఫీల్డు నుంచి యిక్కడి వరకు 13.71 కిలోమీటర్లు. కాని చిక్కల్లా యేమిటంటే, యిక్కడికీ బయ్యప్పనహళ్ళికీ మధ్య రెండు కిలోమీటర్లకు పైగా ఖాళీ! బెన్నిగానహళ్ళి దగ్గర రైల్వే పట్టాలను దాటే ఉక్కు వంతెన అప్పటికింకా పూర్తి కాలేదు. ఆరు నెలలకు పైగా జనం ఒక రైలు దిగి, బస్సెక్కి, మళ్ళీ రైలెక్కవలసి వచ్చింది. 2023 అక్టోబరు 9న ఆ ముక్క అతికింది. అదే రోజున పడమటి కొసన చల్లఘట్ట దాకా దారి తెరవటంతో, యీ ఊదారంగు మార్గం 43.49 కిలోమీటర్లకూ, 37 స్టేషన్లకూ పెరిగింది.

మా పెద్దమ్మను కంటి డాక్టరుకు చూపించటానికి తీసుకువెళ్ళినప్పుడు, ఆమె కింద నిలబడి తలెత్తి చూసి, "ఏం నాయనా, రైలు మిద్దె మీదికెట్లా యెక్కింది?" అని అడిగింది.

రైలు యెక్కలేదు, దారినే పైన కట్టారని చెప్పాను. భూమిలో నాటిన కాంక్రీటు స్తంభాలపై దూలాలు పరచి, వాటిమీద పట్టాలు వేశారు. మొదటి అంతస్తులో టికెట్లు, సామాను తనిఖీ, ఆపైన ప్లాట్‌ఫారం. కదిలే మెట్లంటే భయపడేవారికి లిఫ్టు వున్నది. నేలమీద పసుపుపచ్చగా, బొడిపెలతో కనిపించే పలకలు అలంకారానికి కావు. చూపులేనివారికి కర్రకూ, కాలికీ తగిలి దారి చూపటానికి. 2017లో ప్రారంభమయిన హైదరాబాదు మెట్రోకు తలపైన కరెంటు తీగ వుంటుంది. యిక్కడ అది కనపడదు. పట్టాల పక్కనే మూడో పట్టా వొకటి వుంది. 750 వోల్టుల కరెంటు అందులోనే ప్రవహిస్తుంది. అందుకని పిల్లల్ని ప్లాట్‌ఫారం అంచుకు పోనివ్వకూడదు.

యిక్కడెక్కితే మెజిస్టిక్‌కు సుమారు అరగంట. ఎం.జి.రోడ్డు దాటాక యీ మిద్దెరైలే సొరంగంలోకి దిగుతుంది. పెద్దమ్మ నా చెయ్యి గట్టిగా పట్టుకున్నది, అక్కడ మాత్రమే!

స్టేషనుకు దగ్గరలోనే పాత రైల్వే స్టేషను, పట్టాల మీదుగా ఇనుప తీగలతో పట్టి నిలిపిన 2003 నాటి వేలాడే వంతెన వున్నాయి. సిల్కుబోర్డు నుంచి విమానాశ్రయం దాకా వేసే నీలిరంగు మార్గం కూడా యిక్కడే కలిసేటట్టు నిర్ణయించారు. ఆ 58.19 కిలోమీటర్ల పథకానికి కేంద్ర మంత్రివర్గం 2021 ఏప్రిల్‌లో అనుమతి యిచ్చింది.

యిన్ని దారులు కలిసే చోట మాబోటివాళ్ళకు యింకా కష్టమనిపించేది ఆ చివరి నడకే. బస్సు దిగిన చోటినుంచి మెట్రో మెట్ల దాకా, మూటలు మోసుకుంటూ, వాహనాలను తప్పించుకుంటూ పోవాలి. రెండు కిలోమీటర్లకు పైగా వున్న ఖాళీ పూడ్చటానికి ఉక్కు వంతెన కట్టారు. యీ కొన్ని గజాల ఖాళీకి నీడనిచ్చే కాలిబాట వొకటి చాలు. అంతవరకు, వృద్ధులతో వచ్చేవారు మూటలు తగ్గించుకుని, కె.ఆర్.పురంలో దిగుతామని డ్రైవరుకు ముందే చెప్పి వుంచటం మేలు.