తెర వెనుక సొప్రానో: మార్నీ నిక్సన్ గాన జీవితం

లక్ష్యాలు

ఈ పాఠం చదివిన తరువాత మీరు:
• సొప్రానో అంటే ఏమిటో, ఆ గాత్రానికి ఎలాంటి శిక్షణ అవసరమో వివరించగలుగుతారు.
• హాలీవుడ్ సంగీత చిత్రాలలో ఒకరి నటనకు మరొకరి గానాన్ని ఎలా జోడించారో తెలుసుకుంటారు.
• గాయనికి పేరు, పారితోషికం, రాయల్టీ ఎందుకు ముఖ్యమో చర్చించగలుగుతారు.

1. పరిచయం

సావిత్రి తెరపై పాడుతున్నప్పుడు వినిపించే గొంతు పి. సుశీలదని చెబితే మీరెవరూ ఆశ్చర్యపోరు. సావిత్రి గొప్పతనం తగ్గిందని కూడా అనుకోరు. నటన ఒకరిది, గానం మరొకరిది అన్న ఏర్పాటును మన ప్రేక్షకులు ఏనాడో అంగీకరించారు. టైటిళ్లలో నేపథ్య గాయకుల పేర్లు చదవడం మనకు అలవాటు.

హాలీవుడ్‌లోనూ ఈ పద్ధతి ఉంది. అయితే అక్కడ చాలాకాలం దానిని రహస్యంగా ఉంచారు. తారకు వేరొకరు పాడారని తెలిస్తే ప్రేక్షకులు మోసపోయామని భావిస్తారని స్టూడియోలు భయపడ్డాయి. ఆ రహస్యం బరువును ఎక్కువగా మోసిన గాయని మార్నీ నిక్సన్. 1956 నుంచి 1964 వరకు వచ్చిన మూడు ప్రసిద్ధ సంగీత చిత్రాలలో ముగ్గురు కథానాయికలకు ఆమె పాడారు. మూడింటిలో ఒక్కదాని టైటిళ్లలోనూ ఆమె పేరు లేదు.

2. సొప్రానో అంటే ఏమిటి?

పాశ్చాత్య శాస్త్రీయ సంగీతంలో స్త్రీల గాత్రాలను ప్రధానంగా మూడు రకాలుగా విభజిస్తారు. అన్నిటికన్నా పై స్థాయిలో పలికేది సొప్రానో, మధ్యస్థమైనది మెజ్జో సొప్రానో, కింది స్థాయిలో పలికేది కాంట్రాల్టో. సొప్రానో గాత్రం సుమారుగా రెండు స్థాయిల మేర విస్తరించి ఉంటుంది. తారస్థాయి స్వరాలను కూడా ఒత్తిడి లేకుండా, స్పష్టంగా పలకడం దాని లక్షణం.

ఒపెరా గాయని సంప్రదాయికంగా మైకు లేకుండా పాడుతుంది. వాద్యబృందాన్ని దాటి ఆమె గొంతు చివరి వరుసలో కూర్చున్న శ్రోతకు చేరాలి. అందువల్ల శ్వాసను అదుపులో ఉంచుకోవడం, శ్రుతి తప్పకపోవడం, ప్రతి అక్షరాన్నీ స్పష్టంగా ఉచ్చరించడం శిక్షణలో ముఖ్యాంశాలు. స్వరలిపిని చూసిన వెంటనే పాడగలగడం కూడా నేర్పుతారు.

మార్నీ నిక్సన్ 1930 ఫిబ్రవరి 22న కాలిఫోర్నియాలోని ఆల్టడీనాలో జన్మించారు. చిన్నతనంలో వయొలిన్ నేర్చుకున్నారు, సినిమాలలో చిన్న వేషాలు వేశారు. రోజర్ వాగ్నర్ బృందగానంలో పాడారు. కార్ల్ ఎబర్ట్, బోరిస్ గోల్డోవ్‌స్కీ వంటి ప్రముఖుల వద్ద ఒపెరా అభ్యసించారు. ఏ స్వరాన్నైనా వినగానే గుర్తించగల శ్రుతిజ్ఞానం ఆమెకు ఉండేది.

3. గొంతు దాచుకునే విద్య

ఇక్కడ ఒక వైరుధ్యాన్ని గమనించండి. ఒపెరా గాయనికి తన గొంతును పది మందీ గుర్తుపట్టడమే కీర్తి. మరొకరికి పాడే గాయని మాత్రం తన గొంతును ఎవరూ గుర్తుపట్టకుండా పాడాలి. తార మాట్లాడే ధోరణి, శ్వాస తీసుకునే తీరు, ఉచ్చారణ అన్నీ పాటలోకి రావాలి. మాట ముగిసి పాట మొదలయ్యేచోట అతుకు కనిపించకూడదు. నిక్సన్ ఈ పనిని మూడు చిత్రాలలో మూడు రకాలుగా చేశారు.

3.1 ది కింగ్ అండ్ ఐ (1956): ఇందులో డెబోరా కెర్ బ్రిటిష్ ఉపాధ్యాయినిగా నటించారు. ఆమె, నిక్సన్ కలిసి పాటలను సాధన చేశారు. ఒకే పాటలో మాటలా పలికే భాగాలలో కెర్ గొంతు, సాగదీసి పాడే భాగాలలో నిక్సన్ గొంతు వచ్చేలా కూర్చారు. మూడు చిత్రాలలోనూ నటి, గాయని నిజంగా భాగస్వాములుగా పనిచేసిన సందర్భం ఇదే. ఈ విషయం బయటపెడితే ఇక పని దొరకదని స్టూడియో తనను బెదిరించిందని నిక్సన్ తరువాత చెప్పారు. విచిత్రమేమిటంటే, ఆ రహస్యాన్ని బహిరంగంగా చెప్పి నిక్సన్‌కు ఘనతనిచ్చినది డెబోరా కెరే. ఆ చిత్రం పాటల ఆల్బమ్‌కు నిక్సన్‌కు దక్కింది 420 డాలర్లు.

3.2 వెస్ట్ సైడ్ స్టోరీ (1961): ఇందులో నాటలీ వుడ్ ప్యూర్టో రికోకు చెందిన మరియా పాత్ర ధరించారు. సాధారణంగా పాటను ముందు రికార్డు చేసి, దానికి అనుగుణంగా నటి పెదవులు కదుపుతుంది. ఇక్కడ వుడ్ తన గొంతుతోనే పాటలు రికార్డు చేశారు. చిత్రీకరణ కూడా వాటితోనే జరిగింది. తన గొంతే తెరపై వినిపిస్తుందని ఆమె నమ్మారు. ఆ తరువాత నిక్సన్‌ను పిలిచి, అప్పటికే చిత్రీకరించిన పెదవుల కదలికకు సరిపోయేలా పాడించారు. కాలప్రమాణం ఎక్కడ సాగిందో, ఎక్కడ కుదిసిందో తెరను చూస్తూ పట్టుకోవాలి. తాళజ్ఞానానికి ఇది కఠిన పరీక్ష. ఐదు భాగాలుగా సాగే ఒక బృందగీతంలో రీటా మొరెనో పాత్రకు కూడా ఆమే పాడారు.

ఈసారి నిక్సన్ ఆల్బమ్ రాయల్టీలో వాటా అడిగారు. చివరకు స్వరకర్త లెనార్డ్ బెర్న్‌స్టైన్ తన సొంత వాటాలో నుంచి కొద్ది భాగం ఆమెకు ఇచ్చారు. ఆ వాటా చిన్నదే. కానీ గాయని చేసినది ఒక్క రోజు కూలి పని కాదు, రికార్డు అమ్ముడైనంత కాలం విలువ నిచ్చే సృజన అన్న సూత్రానికి అది గుర్తింపు.

3.3 మై ఫెయిర్ లేడీ (1964): ఇందులో ఆడ్రీ హెప్‌బర్న్‌కు పాడారు. కథానాయిక ఎలైజా లండన్ వీధులలో పూలు అమ్ముకునే యువతి. ఆమె క్రమంగా ఉన్నతవర్గాల ఉచ్చారణ నేర్చుకుంటుంది. కాబట్టి పాట పాటకూ గాయని ఉచ్చారణ కూడా మారాలి. హెప్‌బర్న్ స్వయంగా సాధన చేసి పాటలు రికార్డు చేశారు, కానీ ఎక్కువ భాగం తొలగించి నిక్సన్ గొంతు పెట్టారు. కొన్ని చోట్ల మాత్రం హెప్‌బర్న్ గొంతు మిగిలింది. ఆ చిత్రానికి ఎనిమిది ఆస్కార్లు వచ్చాయి. హెప్‌బర్న్‌కు మాత్రం నామినేషన్ కూడా రాలేదు. పాటలు ఆమె పాడలేదన్న వార్త కూడా అందుకు ఒక కారణమని చాలామంది అభిప్రాయపడ్డారు. అంటే రహస్యం వల్ల గాయనితో పాటు నటి కూడా నష్టపోయింది.

మీ ప్రగతిని సరిచూసుకోండి
1. వెస్ట్ సైడ్ స్టోరీలో నిక్సన్ పని ఎందుకు కష్టమైనది?
2. మరొకరికి పాడే గాయనికీ ఒపెరా గాయనికీ ఉన్న ప్రధాన భేదమేమిటి?

4. సొంత పేరుతో సాగిన జీవితం

నిక్సన్‌ను ‘ఇతరుల గొంతు’గా మాత్రమే గుర్తుంచుకోవడం పొరపాటు. సినిమా పనులు చేస్తున్న కాలంలోనే ఆమె వెబర్న్, షోన్‌బర్గ్, స్ట్రావిన్‌స్కీ వంటి ఆధునిక స్వరకర్తల క్లిష్టమైన రచనలు పాడారు. ఆ రచనలలో స్వరాలు ఊహించని దూరాలకు దూకుతాయి. శ్రుతిపై పూర్తి పట్టు లేనివారు వాటిని పాడలేరు. 1965లో ది సౌండ్ ఆఫ్ మ్యూజిక్‌లో సిస్టర్ సోఫియాగా ఆమె తెరపై కనిపించి సొంత గొంతుతో పాడారు. తరువాత సంగీత బోధన చేశారు, సియాటిల్‌లో పిల్లల టెలివిజన్ కార్యక్రమం నిర్వహించారు. 1998లో ములన్ చిత్రంలో నాయనమ్మ పాత్రకు పాడారు. 2006లో ఆత్మకథ వెలువడింది. 2016 జులై 24న న్యూయార్క్‌లో మరణించారు.

5. మన అనుభవంతో పోలిక

మన దేశంలో మొదటి నుంచీ గాయకులకు న్యాయం జరిగిందనుకోవద్దు. 1949లో వచ్చిన హిందీ చిత్రం మహల్‌లోని ప్రసిద్ధ గీతం రికార్డుపై గాయనిగా వేసినది కామిని అన్న పాత్ర పేరు. పాడినది ఎవరని శ్రోతలు రేడియోకు ఉత్తరాలు రాసిన తరువాతనే లతా మంగేష్కర్ పేరు వెల్లడైంది. 1960లలో ఆమె రాయల్టీ కోసం పట్టుబట్టారు. ఈ విషయంలో మహమ్మద్ రఫీతో విభేదించి కొంతకాలం ఆయనతో యుగళగీతాలు పాడలేదు. 2012లో కాపీరైట్ చట్టానికి చేసిన సవరణ, ప్రదర్శనల వాణిజ్య వినియోగంపై కళాకారులకు రాయల్టీ హక్కును స్పష్టం చేసింది.

ఈ పోలిక నుంచి మీరు గ్రహించవలసినది ఒకటుంది. మన ప్రేక్షకులకు గాయని పేరు తెలియడం వల్ల ఏ నటి కీర్తీ తగ్గలేదు, ఏ పాట మాధుర్యమూ చెడలేదు. పైగా పాటకు గాయని పేరే ఆకర్షణ అయింది. హాలీవుడ్ స్టూడియోల భయానికి ఆధారం లేదనడానికి మన సినిమా చరిత్రే సాక్ష్యం.

6. సారాంశం

మార్నీ నిక్సన్ శాస్త్రీయ శిక్షణ పొందిన సొప్రానో. ఆ శిక్షణ వల్లనే ఆమె ముగ్గురు నటీమణుల గొంతులకు, మూడు రకాల ఉచ్చారణలకు తన గాత్రాన్ని అమర్చగలిగారు. పని ఎంత బాగా చేస్తే చేసినవారు అంతగా కనిపించకుండా పోయే వృత్తి అది. అలాంటి వృత్తిలో పేరు, రాయల్టీ వాటంతటవే రావు. అడిగి సాధించుకోవాలి.

నమూనా ప్రశ్నలు
1. సొప్రానో శిక్షణ సినిమా గానంలో నిక్సన్‌కు ఎలా ఉపయోగపడిందో వివరించండి. (30 పంక్తులు)
2. నేపథ్య గాయనికి గుర్తింపు ఇవ్వడంలో హాలీవుడ్, భారతీయ సినిమాల పద్ధతులను పోల్చండి. (30 పంక్తులు)
3. మీకు నచ్చిన ఒక తెలుగు పాట వినండి. నటి మాటకూ గాయని పాటకూ మధ్య అతుకు తెలుస్తున్నదా? మీ పరిశీలనను రాయండి. (10 పంక్తులు)