బిళ్ళగన్నేరు: పూజకు సరే, పొట్టకు వద్దు

నీళ్ళు పోసినా, పోయకపోయినా ఏడాది పొడుగునా పూసే మొక్క బిళ్ళగన్నేరు. పెరట్లో ఒక్క మొక్క వుంటే చాలు, దేవుడి పటానికి పువ్వు లేని రోజుండదు. ఇంతగా మనలో కలిసిపోయినా ఇది మన నేలది కాదు. ఆఫ్రికాకు తూర్పున సముద్రంలో వున్న మడగాస్కర్ దీవి దీని పుట్టిల్లు. శాస్త్రజ్ఞులు కాథరాంథస్ అని పిలిచే ఈ ప్రజాతిలో ఎనిమిది రకాలుంటే, ఏడు ఆ దీవిలోవే. మిగిలిన చిన్న రకం ఒక్కటే మన దేశానికీ, శ్రీలంకకూ చెందినది.

పరగడుపున నాలుగు బిళ్ళగన్నేరు ఆకులు నమిలితే చక్కెర వ్యాధి తగ్గుతుందని చాలామంది నమ్మకం. ఈ నమ్మకం మనకొక్కరికే కాదు, జమైకా దీవిలోనూ వుంది. 1952లో అక్కడినుంచి వచ్చిన ఆకుల్ని కెనడాలో డాక్టర్ రాబర్ట్ నోబుల్ పరీక్షించాడు. కషాయం తాగించిన ఎలుకలకు రక్తంలో చక్కెర తగ్గలేదు. ఇంజక్షన్‌గా ఇస్తే తెల్లకణాలు పడిపోయి, సూక్ష్మక్రిములు సోకి చచ్చిపోయాయి. ఆ విషమే వైద్యులకు దారి చూపించింది. తెల్లకణాలు అదుపు తప్పి పెరిగే జబ్బుకు ఇదే మందు కాగూడదా అనుకున్నారు. 1958లో నోబుల్, చార్లెస్ బీర్ కలిసి విన్‌బ్లాస్టిన్‌ను వేరు చేశారు. 1963లో అమెరికాలో విన్‌క్రిస్టిన్ వాడకానికి అనుమతి వచ్చింది. పిల్లలకొచ్చే రక్త కాన్సర్‌లో ఈనాటికీ అది ముఖ్యమైన మందు.

కణం రెండుగా చీలడానికి కావలసిన సన్నని పోగుల్ని ఈ మందులు ఏర్పడనివ్వవు. కాన్సర్ కణాలతో పాటు ఎముకల మూలుగ, వెంట్రుకల కుదుళ్ళు కూడా దెబ్బ తింటాయి. నరాలు దెబ్బతిని కాళ్ళూ చేతులూ తిమ్మిరెక్కుతాయి. అందుకే మిల్లీగ్రాముల లెక్కన, రక్తపరీక్షలు చేస్తూ, నరంలోకి మాత్రమే ఎక్కిస్తారు.

“అయితే ఆకు తింటే కాన్సర్ తగ్గుతుందిగా?” అనకండి. ఒక్క గ్రాము మందు తీయడానికి వందల కిలోల ఎండుటాకు కావాలి. పైగా ఆకులో వందకు పైగా ఇతర ఆల్కలాయిడ్లున్నాయి. ఏది ఎంతుందో ఆకును చూసి చెప్పలేం. తరువాత కొన్ని జంతు ప్రయోగాల్లో చక్కెర తగ్గినట్టు కనబడినా, మనిషికి ఎంత మోతాదు క్షేమమో తేలలేదు.

అన్నిటికన్నా పెద్ద ప్రమాదం, ఆకును నమ్ముకుని మాత్రలూ, ఇన్సులిన్ మానెయ్యడం. చక్కెర నిశ్శబ్దంగా పెరిగి కళ్ళనూ, మూత్రపిండాలనూ తినేస్తుంది.

ఇప్పటికే ఆకు నములుతున్నవారు ఆకునే మానండి, మందుల్ని కాదు. రక్తంలో చక్కెరా, తెల్లకణాలూ పరీక్ష చేయించుకుని, ఆకు తిన్న సంగతి డాక్టరుకు దాచకుండా చెప్పండి. వాంతులు, తిమ్మిర్లు, విడవని జ్వరం వుంటే ఆలస్యం చేయకండి. గర్భిణులు, బాలింతలు, పసిపిల్లలు దీని జోలికే పోగూడదు. పేరు కలిసిందని పెద్ద గన్నేరు ఆకు కోసేరు సుమా! అది గుండెను ఆపగల విషం.

మొక్కను పీకేయనక్కరలేదు. పువ్వులు దేవుడికి పెట్టండి, ఆకుల్ని మొక్కకే వుంచండి.